కదలకుండా కూర్చున్న నిమిషం

జనవరి 19

కత్తెర పిల్లకి,

ఐదేళ్లప్పుడు నా షార్ట్‌హ్యాండు పుస్తకాన్ని ముక్కలుగా కత్తిరించావు. వాటిని వేరే వరుసలో అతికించి, "అత్తయ్యా, కొత్త కథ చూడు" అంటూ తెచ్చి చూపించావు. అప్పుడు నీ వీపు మీద ఒక్కటిచ్చాను. అదే పని చేసి ఇవాళ పేరు తెచ్చుకున్నావు కాబట్టి ఆ దెబ్బ వెనక్కి తీసుకుంటున్నాను.

నిన్నటితో మా వీధి హత్య మీద వచ్చిన నీ డాక్యుమెంటరీ సినిమా నాలుగు భాగాలూ చూడటం అయింది. కింద అక్షరాలు వస్తాయి కాబట్టి నా చెవులతో పనిలేకపోయింది. ఫోన్లో నువ్వేం చెప్పినా నాకు నీళ్ల పంపు హోరులాగే వినిపిస్తుంది, అందుకే ఇలా కాగితం ఖరాబు చేస్తున్నాను. ఆఖర్లో "కూర్పు" అని నీ పేరు వచ్చినప్పుడు లేచి నిలబడ్డాను. గదిలో ఎవరూ లేరనుకో, అయినా నిలబడ్డాను.

నువ్వెప్పుడూ ఈ వీధికి రాలేదు. నీకు తెలిసింది తెర మీది వీధి. నేను రోజూ ఆ మేడ కిందనుంచే పాలకి వెళ్తాను. కుట్టుపని నేర్పే ఆవిడ ఆ పై గదిలో చచ్చిపడి ఉండటం, బయట తాళం వేసినది వేసినట్టే ఉండటం, గీత కూడా పడకుండా దాన్ని ఎవరు తీసి ఉంటారని మా తాళాలాయన్ని మూడు రోజులు స్టేషన్లో కూర్చోబెట్టి వదిలేయడం, ఇవన్నీ నా కళ్ల ముందు జరిగినవే. పదకొండేళ్లయింది. అందరం మర్చిపోయాం. మర్చిపోయి ఆయన చేతనే తాళాలు చేయించుకుంటున్నాం. నా ఇంటి రెండో తాళం చెవి ఆయన కొట్లో మేకుకి వేలాడుతూ ఉండేది. ఒంటరి మనిషిని, చెవులు లేవు, ఎప్పుడైనా లోపల పడిపోతే తలుపు తీసేవాళ్లు ఉండాలని నేనే ఇచ్చాను.

మూడో భాగంలో ఆయన్నే కెమెరా ముందు కూర్చోబెట్టారు. "ఆ రోజు మధ్యాహ్నం మీరెక్కడున్నారు?" అని అడిగారు. కింద అక్షరాలు ఆగిపోయాయి. ఆయన తల దించుకున్నాడు. గుటక మింగాడు. ఒకసారి పక్కకి చూశాడు, మళ్లీ తల దించుకున్నాడు. సాక్షి నోరు మెదపనప్పుడు మోకాలి మీద వేలితో లెక్కపెట్టడం నాకు కోర్టులో అలవాటు. తొమ్మిది లెక్కపెట్టాను. తొమ్మిది సెకన్లు నీళ్లు నమిలి అప్పుడు, "కొట్లోనే ఉన్నానండి" అన్నాడు. ముప్పై ఒక్కేళ్లు స్టెనోగా ఎంతమందిని చూశానో! నిజం చెప్పేవాడికి అంతసేపు అక్కర్లేదు.

పొద్దున్నే వెళ్లి నా తాళం చెవి తెచ్చేసుకున్నాను. ఎందుకని ఆయన అడగలేదు. వీధిలో నలుగురైదుగురం అదే పని చేశాం. ఇంతకాలం మా కళ్లకి కమ్మిన పొర నువ్వు తీశావమ్మా.

వేళకి తిను. మెడనొప్పికి ఆ దిండు తీసేయమన్నాను, తీశావా?

నీ అత్తయ్య


జనవరి 28

అత్తయ్యా,

దిండు తీసేశాను. మెడనొప్పి తగ్గలేదు. డాక్టరుగారు పని మానమన్నారు. ఆ మందు కొట్లో దొరకదు కదా.

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. సంతోషించాలని తెలుసు. ఏం చేయను, సంతోషించే ఓపిక కూడా లేకుండా పోయింది. ఆ సినిమా కోసం రెండువందల అరవై గంటల రికార్డింగు చూశాను, పదకొండు నెలలు. కిటికీలకి నల్లగుడ్డ కట్టిన గదిలో రెండు తెరల ముందు కూర్చుంటాను, బయట ఎండో వానో టీ తెచ్చినవాళ్ల చెప్పులు చూసి తెలుసుకుంటాను. ఆ కుట్టుటీచరు నాకు మన చుట్టాల్లో సగంమంది కంటే బాగా తెలుసు. మీ తాళాలాయన కూడా. మాట్లాడబోయే ముందు బొటనవేలు చొక్కాకి తుడుచుకుంటాడు, గమనించావా? ఆయన్ని నేనెప్పుడూ చూడలేదు. ఆయనకి నేను ఉన్నానని కూడా తెలియదు.

అది పూర్తయిన వారానికే ఇంకోటి ఇచ్చారు. తప్పిపోయిన మనిషి, పొలాల్లో దొరికిన చెప్పు. మా ఆఫీసులో మేము దీన్ని ఏడాదికో శవం కొలువు అంటాం. మొదట్లో ఈ జోకుకి నవ్వేవాళ్లం.

అత్తయ్యా, తాళం చెవి ఎందుకు తెచ్చేసుకున్నావు? ఆయన మీద కేసు కూడా పెట్టలేదు. పోలీసులే వదిలేశారు. మనిషి కాసేపు మాట్లాడనంత మాత్రాన ఏదో అయిపోదు. తెర మీద కనిపించేదాన్ని తెర మీద కనిపించేదిగానే చూడాలి. నువ్వు కోర్టులో పనిచేసినదానివి, నీకు నేను చెప్పాలా?

ఇంకొకటి. ఆ సినిమా కూర్చింది నేనేనని అక్కడ ఎవరికీ చెప్పకు. దయచేసి.

కత్తెర


ఫిబ్రవరి 6

కత్తెర పిల్లకి,

పిచ్చిదానా, భయపడుతున్నావా? నీ ఉత్తరం చదివాక నాకు సంగతి అర్థమైంది. నేరగాళ్ల మీద సినిమాలు తీసేవాళ్లకి ఆ భయం ఉండదా మరి. ఇక్కడ ఎవరూ నిన్నేం చేయలేరు. పైగా నువ్వు చెప్పొద్దనే సరికే నేను వీధంతా చెప్పేశాను. మందుల షాపాయన నీ ఫోటో అడిగాడు కూడా.

నువ్వు వినయానికి పోయి ఆయన్ని వెనకేసుకురానక్కర్లేదు. మాట్లాడనంత మాత్రాన ఏమీ కాదన్నావు. నేను చూసిన మౌనాలు వేరు తల్లీ. గుర్తు తెచ్చుకునే మౌనం వేరు, అబద్ధం కూడగట్టుకునే మౌనం వేరు. ఇది రెండోది.

ఇక్కడ సంగతులు చాలా జరిగాయి. ముందుగా నా ఇంటి తాళమే మార్చేశాను. పాత తాళం ఆయన చేతిదే కదా, ఎన్ని చెవులు చేసుకున్నాడో ఎవరికి తెలుసు. బస్టాండు అవతల్నుంచి ఇంకొకాయన్ని పిలిపించాను. కొత్త తాళం కాస్త మొండిది, మూడుసార్లు కుస్తీ పడితేగాని తెరుచుకోదు, అయినా మనశ్శాంతి. ఆస్పత్రివాళ్లు కూడా తమ తాళాల గుత్తి వెనక్కి తీసుకున్నారట, అదే ఆయనకి పెద్ద ఆధారం. తాళాలాయన తాళాల్లేకుండా కొట్లో కూర్చుంటున్నాడు.

మొన్న వీధి సంఘం సమావేశం జరిగింది. నేను కార్యదర్శిని కాబట్టి అర్జీ నన్నే తయారుచేయమన్నారు. ఆ కొట్టు ఖాళీ చేయించమని స్థలం యజమానికి రాశాను. చాలా రోజుల తర్వాత టైపు మిషను మీద వేళ్లు పరుగెత్తాయి. నాలుగు పేరాలు, ఒక్క కొట్టివేత లేదు. రెండో పేరాలో ఆ తొమ్మిది సెకన్ల సంగతి రాశాను. సాక్ష్యం అంటే అదే కదా, లక్షలమంది చూసింది. మార్చి 15న యజమాని వస్తాడు, ఆయన ముందే సమావేశంలో తేలుస్తారు.

చూశావా, నీ పని ఎంతదూరం వచ్చిందో! నువ్వేమో దిగులుగా రాస్తున్నావు.

నీ అత్తయ్య


ఫిబ్రవరి 14

అత్తయ్యా,

ఇది చదివేటప్పుడు కూర్చో. నిలబడి చదవకు.

మా పనిలో ఒక పద్ధతి ఉంది. ఇంటర్వ్యూ అయిపోయాక ఆ గదిని ఒక నిమిషం ఉత్తినే రికార్డు చేస్తాం. గదికో చప్పుడు ఉంటుంది. ఫ్యాను, ట్యూబులైటు, బయట పోయే బండ్లు, అన్నీ కలిసి. మాటలు కత్తిరించి అతికించినప్పుడు మధ్యలో అతుకు వినిపించకుండా ఆ చప్పుడు కింద పరుస్తాం. ఆ నిమిషం గదిలో ఉన్నవాళ్లెవరూ కదలకూడదు, మాట్లాడకూడదు. ఇంటర్వ్యూ ఇచ్చిన మనిషి కూడా కుర్చీలో అలాగే ఉండాలి, లేస్తే కుర్చీ కిర్రుమంటుంది. కెమెరా మాత్రం ఎవరూ ఆపరు, తిరుగుతూనే ఉంటుంది.

మీ తాళాలాయన్ని కూడా అలాగే కూర్చోమన్నారు. సౌండు చూసే ఆయన, "ఒక్క నిమిషం కదలకండి, మాట్లాడకండి" అన్నాడు. పాపం, చెప్పిన మాట విని కూర్చున్నాడు. తల దించుకున్నాడు. గుటక మింగాడు. అయిపోయిందా అని ఒకసారి సౌండాయన వైపు చూశాడు, ఇంకా అవలేదని తెలిసి మళ్లీ తల దించుకున్నాడు.

నువ్వు లెక్కపెట్టిన తొమ్మిది సెకన్లు అవే.

అసలు ప్రశ్నకి ఆయన ఎలా జవాబిచ్చాడో తెలుసా? "ఆ రోజు మధ్యాహ్నం మీరెక్కడ" అనేసరికే, "కొట్లోనే ఉన్నానండి" అన్నాడు. వెంటనే. ప్రశ్నకీ జవాబుకీ మధ్య కత్తెర పెట్టడానికి కూడా చోటులేదు. నేనే చోటు చేశాను. మూడో భాగం చప్పగా నడుస్తోందనీ, అక్కడ కాస్త ఊపిరి కావాలనీ డైరెక్టరు అన్నాడు. ఏం పెట్టాలో ఆయన చెప్పలేదు. వెతికి, ఆ నిమిషంలోంచి తొమ్మిది సెకన్లు తీసి, ప్రశ్నకీ జవాబుకీ మధ్య పెట్టింది నేను. నాలుగు నిమిషాల పని. వెళ్లి అన్నం తిన్నాను. తిరిగొచ్చి చూసుకుంటే చాలా బాగా కుదిరింది. డైరెక్టరు నా భుజం తట్టాడు.

ఆ రోజు ఇది తప్పని నాకు అనిపించలేదు, అత్తయ్యా. అప్పటికే తొమ్మిది నెలలయింది, నాకు వాళ్లెవరూ మనుషుల్లా కనిపించడం మానేశారు. పొడుగు, పొట్టి, వెలుతురు బాగుంది, బాగాలేదు, అంతే. తొమ్మిది సెకన్ల తర్వాత మనిషి ఏం చెప్పినా కట్టుకథలాగే ఉంటుందని నాకు తెలుసు. తెలిసే పెట్టాను.

నీ మొదటి ఉత్తరానికే ఇది రాయాల్సింది. నువ్వు లేచి నిలబడ్డానని రాశావు. అందుకని రాయలేకపోయాను.

అర్జీ ఆపు.

కత్తెర


ఫిబ్రవరి 15

కత్తెర పిల్లకి,

నీ దగ్గర్నుంచి జవాబు రాలేదు, పనిలో మునిగి ఉంటావు. నిన్న పొద్దున తాళాలాయన మా ఇంటికే వచ్చాడు. అర్జీ సంగతి ఎవరో చెప్పారట. గుమ్మంలో నిలబడి ఒకటే మాటలు. ఎదురుగా నిలబడి మెల్లగా మాట్లాడితే పెదవులు చూసి పట్టుకుంటాను, మెల్లగా చెప్పవయ్యా అంటే వినడే! నేను "అసలు మీరు" అనగానే జవాబు మొదలుపెడతాడు. ప్రశ్న పూర్తికాకముందే జవాబు. ఊపిరి తీసుకోడానికి కూడా ఆగడు. కొట్లోనే ఉన్నాను, కొట్లోనే ఉన్నాను, ఇదొక్కటీ పదిసార్లు పట్టుకున్నాను.

ఇంత కంగారు నిజాయితీపరుడికి ఎందుకుంటుంది చెప్పు? అర్జీకి అనుబంధంగా ఇది కూడా టైపు చేసి పెట్టాను.

అత్తయ్య


ఫిబ్రవరి 22

నీ పధ్నాలుగో తేదీ ఉత్తరం అందింది. నాది దారిలో దానికి ఎదురొచ్చి నీ దగ్గరికి చేరి ఉంటుంది. అది చించెయ్యి.

మూడు రోజులు నీకు ఏం రాయాలో తెలియలేదు. ఒళ్లు మండిపోయింది. నీ మీద కొంత, నా మీద ఎక్కువ. గుమ్మంలో ఆ మనిషి ఎందుకు ఆగకుండా మాట్లాడాడో ఇప్పుడు తెలిసింది. కాసేపు మాట్లాడకుండా ఉంటే ఏమవుతుందో ఆయన సినిమాలో చూసుకున్నాడు. ఇక ఎవరి ముందూ ఒక్క క్షణం నోరు మూయలేడు. నేను దాన్నీ టైపు చేశాను.

ఐదేళ్లప్పుడు వేసిన ఆ దెబ్బ వెనక్కి తీసుకున్నానని రాశాను. మళ్లీ వేస్తున్నాను.

నా ఉద్యోగంలో మూడో ఏడు ఒక సాక్ష్యం ఫైలులో రెండు పేజీలు తారుమారుగా కుట్టేశాను. ఒక్క మాట కూడా మారలేదు. కానీ ముద్దాయి ముందు కొట్టాడా, ముందు తిట్టాడా అన్నది తారుమారైంది. ఫైలు పై కోర్టుకి వెళ్లిపోయాక నాకు తట్టింది. ఎవరూ కనిపెట్టేవాళ్లు కాదు. మర్నాడు జడ్జిగారు వచ్చీ రాగానే అందరి ముందూ లేచి చెప్పాను. ఆయన కడిగేశారు. ప్లీడర్లు నవ్వారు. నెల రోజులు కోర్టులో ఎవరి మొహమూ చూడలేకపోయాను. కానీ ఫైలు వెనక్కి వచ్చింది.

నువ్వు ఆయన మాట మార్చలేదు. మాట ముందు ఏముందో మార్చావు. అది మార్చితే ఇంకేం మిగిలింది?

అర్జీ ఆపమన్నావు. నేను ఒక్కదాన్నే ఆపితే ఆగదు, ఇరవై రెండు సంతకాలున్నాయి. పైగా నేనేం చెప్పను? మా మేనకోడలు ఉత్తరం రాసిందండీ అననా? నాకు ఉత్తరం వద్దు. వాంగ్మూలం కావాలి. ఏ రికార్డింగులో ఏ నిమిషం దగ్గర ఏముందో, దాన్ని ఎక్కడ పెట్టావో రాసి, కింద నీ పూర్తి పేరు, సంతకం, తేదీ. మార్చి 15 లోపల.

అత్తయ్య


మార్చి 3

అత్తయ్యా,

డైరెక్టరు దగ్గరికి వెళ్లాను. అక్కడ ఆ తొమ్మిది సెకన్లు తీసేసి మళ్లీ ఇద్దాం, ఒక పూట పని అన్నాను. ఆయన కోప్పడలేదు. కోప్పడినా బాగుండేది. కుర్చీ వేసి, టీ తెప్పించి, "ఆ మొహం ఆయనదే. ఆ గది అదే. ఆ చొక్కా అదే. ఇందులో మనం అబద్ధం ఎక్కడ చెప్పాం?" అన్నాడు. లాయర్లు చూసే పంపారన్నాడు. మేమెక్కడా ఆయన దోషి అనలేదన్నాడు. అది నిజం. ఎక్కడా అనలేదు. ఆయన మాటలు వింటున్నంతసేపూ సరిగానే ఉన్నాయి, బయటికొచ్చి మెట్లు దిగేసరికి ఒక్కటీ నిలవలేదు.

నువ్వడిగిన కాగితం రాశాను. సంతకం పెట్టలేదు.

నన్ను తిట్టుకో. లోపలి సంగతులు బయట పెట్టనని పనిలో చేరేటప్పుడు రాసిచ్చాను. ఇది బయటికొస్తే ఈ ఆఫీసులోనే కాదు, ఎక్కడా నన్ను పిలవరు. నలభై నాలుగేళ్లొచ్చాయి. నాకు ఇంకే పనీ రాదు. ఈ పనంటే విసుగెత్తిపోయిందని రోజూ అనుకుంటాను, తీరా ఎవరైనా లాక్కుంటారంటే రెండు చేతులతో పట్టుకుంటున్నాను. సిగ్గుగా ఉంది, అయినా ఉన్నది ఉన్నట్టు చెబుతున్నాను.

పేరు లేకుండా పంపితే పనికొస్తుందా? "ఆ సినిమాకి పనిచేసిన ఒకరు" అని రాస్తే?

ఆ నిమిషాన్ని మొన్న మళ్లీ మొత్తం చూశాను. అరవై ఒక్క సెకన్లు. ఆఖరున సౌండాయన "అయిపోయింది" అనగానే మీ తాళాలాయన నవ్వుతాడు. స్కూల్లో మంచి మార్కులొచ్చిన పిల్లాడిలా నవ్వుతాడు. ఆ నవ్వు ఎక్కడా వాడలేదు.

కత్తెర


మార్చి 7

కత్తెర పిల్లా,

పేరు లేని కాగితం కోర్టులో చిత్తుకాగితం. అది నీకూ తెలుసు, అందుకే అడిగావు.

నిన్ను ఇక బలవంతపెట్టను. నీ బువ్వ నోటి దగ్గర నుంచి లాగే అధికారం నాకు లేదు. పదిహేనో తేదీన నేను లేచి, ఆ అర్జీ రాసింది నేను, అందులో రెండో పేరా తప్పు, నా సంతకం తీసేస్తున్నాను అని చెబుతాను. ఎందుకు తప్పు అంటే చెప్పను. ముసలిదానికి మతిపోయిందనుకుంటారు, అనుకోనీ. చెవులు ఎలాగూ లేవు, ఏమన్నా నాకు వినపడదు.

నీ పేరు రానివ్వను. వేళకి తిని పడుకో.

అత్తయ్య


మార్చి 10

అత్తయ్యా,

నువ్వు తిట్టి ఉంటే తట్టుకునేదాన్ని. పేరు రానివ్వనన్నావు చూడు, ఇక నావల్ల కాలేదు.

కాగితం వేరే కవర్లో పెట్టాను. రిజిస్టరు చేసి పంపుతున్నాను. నీకు సరిపోతుందో లేదో చూడు. నకలు ఇక్కడ రాస్తున్నాను, పోస్టులో తడిసినా చెదిరినా పనికొస్తుందని.

"తాళాలు బాగుచేసే ఆయనతో జరిపిన ఇంటర్వ్యూ రికార్డింగులో పద్దెనిమిదో నిమిషం దగ్గర, ఆ రోజు మధ్యాహ్నం ఎక్కడున్నారన్న ప్రశ్న ఉంది. ఆయన ఆలస్యం చేయకుండా జవాబిచ్చారు. సినిమా మూడో భాగంలో ఆ ప్రశ్న తర్వాత కనిపించే తొమ్మిది సెకన్ల మౌనం ఆ ప్రశ్నకి సంబంధించింది కాదు. అది ఇంటర్వ్యూ ముగిశాక, యాభై రెండో నిమిషం దగ్గర, గది చప్పుడు రికార్డు చేయడం కోసం కదలకుండా, మాట్లాడకుండా కూర్చోమని మేము కోరినప్పటిది. దాన్ని అక్కడ పెట్టింది నేను. అలా పెట్టమని నాకెవరూ చెప్పలేదు. అలా పెడితే చూసేవాళ్లకి ఏమనిపిస్తుందో నాకు తెలుసు."

కింద పేరు, సంతకం, తేదీ. ఒక ప్రతి డైరెక్టరుకి కూడా ఇచ్చి వచ్చాను. ఆయన చదివి, మడిచి, నా గది తాళం ఇచ్చి వెళ్లమన్నాడు. ఇచ్చాను.

కిటికీకి నల్లగుడ్డ లేని గదిలో పగటిపూట కూర్చుని రాస్తున్నాను. కళ్లు మండుతున్నాయి. నిద్ర వస్తోంది కానీ పట్టట్లేదు.

నీ కత్తెర


మార్చి 17

నా కత్తెర పిల్లకి,

కాగితం పదమూడున అందింది. మార్చాల్సిన మాట ఒక్కటీ లేదు. నేను ముట్టుకోలేదు.

పదిహేనున సమావేశంలో లేచి నిలబడి ముందు నా తప్పు చెప్పాను, తర్వాత నీ కాగితం చదివాను. చివర్లో నీ పేరు కూడా చదివాను. ఎవరేమన్నారో నాకు వినపడలేదు, మొహాలే చూశాను. మందుల షాపాయన ఏదో అరుస్తున్నాడు. రాసివ్వండి అని చీటీ చేతికిచ్చాను. "నిప్పు పెట్టేదీ మీ ఇంటివాళ్లే, ఆర్పేదీ మీ ఇంటివాళ్లేనా?" అని రాశాడు. అవునన్నాను. ఇంకేమనను? పద్నాలుగుమంది సంతకాలు వెనక్కి తీసుకున్నారు. ఎనిమిదిమంది తీసుకోలేదు. కొట్టు ఉండనిస్తానని యజమాని చెప్పాడు. ఆస్పత్రివాళ్లు మాత్రం తాళాల పని వేరేవాళ్లకి ఇచ్చేశారు, ఇక మార్చరట. కార్యదర్శి పని నేనే వదిలేశాను.

నిన్న పొద్దున ఆయన కొట్టుకి వెళ్లాను. నన్ను చూడగానే మొదలుపెట్టాడు. "నేనేమీ అనలేదమ్మా, ఎవరితోనూ ఏమీ అనలేదు, నేను ఇక్కడే ఉన్నాను..." నేను నీ కాగితం చేతిలో పెట్టాను. బొటనవేలు చొక్కాకి తుడుచుకుని తీసుకున్నాడు. నువ్వు రాశావు, నేను ఇరవై ఏళ్లుగా చూస్తూ ఎప్పుడూ గమనించలేదు. రెండుసార్లు చదివాడు.

తర్వాత మెల్లగా అన్నాడు, నాకు పెదవుల మీద స్పష్టంగా కనపడేంత మెల్లగా. "ఆ నిమిషం నాకు గుర్తుందమ్మా. ఇంత కదలకుండా ఎవరూ కూర్చోలేదని ఆ సౌండాయన మెచ్చుకున్నాడు. ఇంటికెళ్లి మా ఆవిడతో కూడా చెప్పుకున్నాను."

నాకు ఏడుపొచ్చింది. దాచుకోలేదు.

కొత్త తాళం చెవి తీసి బల్ల మీద పెట్టాను. చూసీ చూడగానే, "ఇది నా పని కాదే" అన్నాడు. నిష్ఠూరమేమీ లేదు, పనివాడు పని గురించి అన్నట్టే అన్నాడు. వెలుతురుకి ఎత్తి చూసి, పళ్లు సరిగ్గా అరగదీయలేదనీ, ఇలా వాడితే తాళమే పాడవుతుందనీ చెప్పి, ఆకురాయి తీసుకుని అరగదీశాడు. నేను ఎదురుగా పీట మీద కూర్చున్నాను, చాలాసేపు పట్టింది. ఊది, గుడ్డతో తుడిచాడు. అప్పుడు నేను అడిగాను. "ఇదివరకటిలా మీ దగ్గరే ఉంచుతారా? మేకు ఖాళీగానే ఉంది కదా."

ఆయన మాట్లాడలేదు. నా చెయ్యి దానంతటదే మోకాలి మీదికి వెళ్లింది, వేలు ఒకటి కొట్టింది. చెయ్యి పిడికిలి బిగించి పట్టుకున్నాను. ఎంతసేపు ఊరుకున్నాడో నాకు తెలియదు. సినిమా వచ్చినప్పటినుంచీ ఆయన నోరు మూసుకుని ఉండటం అదే మొదటిసారి అనుకుంటాను.

తర్వాత తాళం చెవి నా అరచేతిలో పెట్టి వేళ్లు మూశాడు. "మీ దగ్గరే ఉంచుకోండమ్మా. రేపు మీ ఇంట్లో ఏదైనా పోతే ముందు నా వైపే చూస్తారు." చూడనని చెబుదామని నోరు తెరిచాను. ఒకసారి చూసినదాన్నే కదా, ఏ మొహం పెట్టుకుని చెప్పను?

ఇంటికొచ్చి తాళం తీశాను. ఒక్కసారికే తెరుచుకుంది.

నీకు పని పోయిందని రాశావు. ఆ సంగతి ఆయనకి చెప్పలేదు, అదేదో మనం చేసిన త్యాగంలా వినపడుతుందని. ఇక్కడ నా పక్కగది ఖాళీగానే ఉంది. నాలుగు బట్టలు పెట్టుకుని రా. రెండు రోజులు నిద్రపో, నేను లేపను. మూడో రోజు పొద్దున్న నీతో కొట్టు దాకా వస్తాను. ఆయన నీ కాగితం చూశాడుగానీ నిన్ను చూడలేదు. వెళ్లి ఆయన ఎదురుగా ఆ పీట మీద కూర్చో. క్షమించమని మొదలుపెట్టకు, నువ్వేం మాట్లాడకు. ఆయన మాట్లాడేదాకా కదలకుండా కూర్చో.

నీ అత్తయ్య